పదమూడో నెలలో పోయినవాడు

చావు లేకుండా చేసే యంత్రం మా గోండర్‌లో ఉంది. మీ ఊళ్లో లేకపోతే అది మీ ఖర్మ!

మా వార్డు ఆఫీసులో కొత్తగా పెట్టిన కంప్యూటరే అది. దాన్ని తిట్టేవాళ్లంతా కృతఘ్నులు. కాలాన్ని లొంగదీస్తానని జీవితమంతా తల బద్దలు కొట్టుకున్న దబ్తరా అయల్నెహ్ గారు సాధించలేనిది ఆ పెట్టె ఒక్క నొక్కుతో సాధించింది.

చర్చిలో కీర్తనలు పాడి, ఇంటికొచ్చి తాయెత్తులు రాసే దబ్తరాలు మాకు వీధికొకరు. అయల్నెహ్ గారు మాత్రం కాలానికే తాయెత్తు కట్టారు. పరీక్ష రాసే పిల్లలకు గంట సాగే తాయెత్తు. ఆలస్యంగా ఇల్లు చేరే మొగుళ్లకు, పెళ్లానికి ఇంకా సందెవేళే అనిపించే తాయెత్తు. బస్సు వేళకు కదిలే తాయెత్తూ రాశారు గానీ, పారలేదు. దేవుడి వల్లే కాని పని ఆయన వల్ల కాకపోవడం తప్పా?

యంత్రాలూ చేశారు. బీరు కుండకు చిల్లి పెట్టి, పడే చుక్కలతో పొద్దు కొలిచే గడియారం ఆయనదే. పడిన చుక్కను పారబోయడానికి మనసొప్పక తాగేసేవారు. మధ్యాహ్నానికల్లా గడియారమూ, ఆయనా ఒకే మూల పడి ఉండేవారు!

అసలు సిద్ధాంతం వేరే ఉంది. మాకు ఏడాదికి పదమూడు నెలలు. ముప్పై రోజులవి పన్నెండు, చివర ఐదు రోజుల పాగుమె. నాలుగేళ్లకోసారి దానికి ఆరో రోజు వస్తుంది. సరిగ్గా ఆ రోజున పుట్టిన దబ్తరా గారు డెబ్బై ఎనిమిదేళ్లు వచ్చాక కూడా తనకు పంతొమ్మిదే అని వాదించేవారు.

"పాగుమె దేవుడు చాటుగా దాచుకున్న నెలరా. అందులో జరిగింది జరిగినట్టు కాదు" అనేవారు. మేం నవ్వేవాళ్లం.

కిందటేడు పాగుమె మూడున ఆయన పోయారు. నవ్వినవాళ్లమే మోశాం.

ఆయన భార్య అస్నకెచ్‌ను ఊరంతా ఎమామా, అంటే పెద్దమ్మా, అనే పిలుస్తాం. ఇల్లు దబ్తరా గారి పేరిట ఉంది. రేకులు తుప్పుపట్టి కారుతున్నాయి. మార్చాలంటే వార్డు ఆఫీసు అనుమతికి యజమాని సంతకం కావాలి. యజమాని పోయాడన్న కాగితం వస్తే ఇల్లు ఎమామా పేరిట అవుతుంది, సంతకం ఆమే పెట్టుకుంటుంది.

ఇక్కడే ఉంది యంత్రం మహిమ! దానికి తెలిసిన నెలలు పన్నెండే. పాగుమె లేనప్పుడు మూడో తేదీ ఎక్కడిది? తేదీ లేనప్పుడు చావెక్కడిది? దబ్తరా గారు నిక్షేపంగా ఉన్నారు! వార్డు మీటింగుకు రమ్మని ఆయనకు చీటీ వచ్చింది. రానందుకు మందలిస్తూ ఇంకోటి వచ్చింది. ఏ తాయెత్తు చెయ్యగలిగింది ఈ పని?

తొమ్మిది నెలలుగా ఎమామా తిరుగుతోంది. మొన్న సోమవారం లైనులో ఆమె వెనక నేనే ఉన్నాను.

"ఎన్నిసార్లు చెప్పాలి ఎమామా? ఆయన్నే ఒకసారి రమ్మనండి, సంతకం పెట్టి పోతారు" అన్నాడు గుమాస్తా తదెలె.

"ఎక్కణ్ణించి రమ్మనను నాయనా? తవ్వి తీసుకురానా?"

తదెలె చెడ్డవాడు కాదు. తల గోక్కున్నాడు. "పోనీ, ముందు నెల ఆఖరు రోజు కొడతా, ముప్పైన పోయారని. మూడు రోజులే కదా తేడా! కాగితం ఇప్పుడే ఇస్తా. రేపే రేకులు వేయించుకోండి."

"ఒప్పేసుకో ఎమామా!" అంది లైనంతా. నేనూ అన్నాను. బయట అప్పటికే వాన పట్టుకుంది.

ఎమామా పైబట్ట సర్దుకుంది. "పాగుమె మూడున పడేది రఫాయేల్ దేవదూత వాన. నెల్లాళ్లుగా మంచం దిగని మనిషి, తడిస్తే పుణ్యమని నా చెయ్యి పట్టుకుని వాకిట్లోకొచ్చాడు. పిల్లలతో సమానంగా తడిశాడు. సాయంత్రం పోయాడు. నువ్వు ముప్పైనే చంపేస్తే, వానలో నా చెయ్యి పట్టుకున్న మగాడెవడురా? మొగుడు పోయిన మూడో రోజుకే పరాయివాడితో తడిశానని అది కూడా కొట్టు అందులో!"

లైనంతా పగలబడి నవ్వింది. ఎమామా నవ్వలేదు.

"ఆ ఒక్కరోజూ ఇవ్వను నాయనా" అని వానలోకి వెళ్లిపోయింది.

నా చేతిలోనూ ఒక ఫారం ఉంది. మా పాప పుట్టింది పాగుమె ఒకటిన. అందరిలాగే నేనూ కొత్త సంవత్సరం మొదటి రోజు అని రాసుకొచ్చాను. సిగ్గేసింది. కొట్టేసి, ఉన్నది రాశాను. తదెలె చూసి, తిరిగి ఇచ్చేశాడు.

కాబట్టి మా వార్డులో దబ్తరా గారు ఇంకా పోలేదు, మా పాప ఇంకా పుట్టలేదు. ఎమామా మాత్రం చూరు కింద గిన్నెలు పెట్టుకుని, తడవని మూల వెతుక్కుంటోంది.