ఆరో నాడు ఏం చేశావు?

కాలం ఎవరి కోసమూ ఆగదని పెద్దలన్నారు. ఆ పెద్దలెవరూ సివిల్ దావా వేసి ఉండరు.

గోపన్‌పల్లి బాలనర్సయ్య వేశాడు. ఎనిమిది గుంటల జాగా తనదని ఆయన, రోడ్డుకు కావాలని దారుల విస్తరణ శాఖ తగవు పడితే, కింది కోర్టు కొబ్బరికాయ కొట్టినట్టు చెరి సగం చేసింది. ఆయన బర్రెల కొట్టం శాఖ వాటాలో పడింది. చుట్టూ లేచిన అద్దాల మేడల వాళ్లకు తెలియదు గానీ, వాళ్ల పొద్దుటి కాఫీలో పాలు ఆ కొట్టంలోవే.

అప్పీలుకు గడువు ముప్పై రోజులు. సరిగ్గా ముప్పయ్యో నాటి పొద్దున బాలనర్సయ్య అన్న ఓదెలు కన్నుమూశాడు (చట్టం తెలిసిన మనిషైతే ఇంకో రెండు రోజులు ఓపిక పట్టేవాడు). పదకొండు రోజుల మైల తీరాక, గుండు మీద తువ్వాల కప్పుకొని బాలనర్సయ్య మాదాపూర్‌లో వకీలు ఉదయ్ భాస్కర్ మెట్లెక్కాడు.

"ఆలస్యానికి కారణం కామెర్లని రాద్దామండి," అన్నాడు వకీలు. "కోర్టుకి అలవాటైన జబ్బు. డాక్టరు సర్టిఫికెట్టు కూడా తయారుగా ఉంటుంది."

"నాకేడియి కామెర్లు సారు? పోయింది మా అన్న. ఉన్నది రాయుండ్రి."

"ఉన్నది రాస్తే కష్టమండి బాలనర్సయ్యగారూ. ఏ రోజుకారోజు లెక్క చెప్పాలి."

"చెప్త. దినాలు జేసినోన్ని, దినాల లెక్క నాకు తెల్వదా?"

ఆ పదకొండు రోజులను మన్నించాలా వద్దా అని ఆలోచించడానికి పై కోర్టుకు నాలుగేళ్లు పట్టింది (దీన్ని ఆలస్యం అనకూడదు, వాయిదా అనాలి). ఈలోగా శాఖవారికి కూడా తమ సగం చాలలేదని గుర్తొచ్చి, గడువు దాటిన పద్నాలుగు వందల పన్నెండు రోజులకు తామూ ఒక అప్పీలు పట్టుకొచ్చారు. ఇద్దరి ఆలస్యాలూ ఒకేనాడు విచారణకు వచ్చాయి.

శాఖ అధికారి యజ్ఞనారాయణ ప్రమాణ పూర్వకంగా తెలిపిందేమిటంటే, ఫైలు గోపన్‌పల్లిలో బయల్దేరి మాదాపూర్ ఆఫీసుకు ప్రయాణించింది (బర్రెను తోలినా సాయంత్రానికి చేరే దూరం). దారిలో ముగ్గురు అధికారులు బదిలీ అయ్యారు. ఒక వానాకాలం ఫైలు తడిసింది. తర్వాత ఆరింది. ఆరిందని ధ్రువీకరించాల్సిన అధికారి అప్పుడు సెలవులో ఉన్నాడు.

జడ్జిగారు సానుభూతితో తలూపారు. తర్వాత శాఖ తరఫు వకీలు ఉమాశ్రీ బాలనర్సయ్య వైపు తిరిగింది.

"మొదటి రోజు ఏం చేశారు?"

"కాష్టం పెట్టినం."

"మూడో రోజు?"

"పిట్టకు ముద్ద పెట్టినం. అయిదో నాడు గూడ పెట్టినం."

"ఆరో రోజు?"

"ఆరో నాడు పనేం లేకుండెనమ్మా. ఇంటెనుక కూసొని ఏడ్సిన."

"రోజంతానా?"

"మా అన్న గదా."

ఉదయ్ భాస్కర్ కళ్లు మూసుకున్నాడు. కామెర్లు ఎంత మంచి జబ్బు!

ఉత్తర్వు క్లుప్తంగానే ఉంది. ఫైలుకు కాళ్లుండవు, ఎవరైనా మోస్తే తప్ప కదలదు, కనుక దాని ఆలస్యం సహజం. మనిషికి రెండు కాళ్లుంటాయి. ఆరో నాడు అవి ఖాళీగా ఉన్నట్టు ఆయనే ఒప్పుకున్నాడు. శాఖ ఆలస్యం మన్నించడమైనది. బాలనర్సయ్య చేతిలో ఉన్న నాలుగు గుంటల మీద దావా మళ్లీ మొదలవుతుంది. బాలనర్సయ్య ఆలస్యం మన్నించలేదు. కొట్టం ఉన్న నాలుగు గుంటలు ఇక శాఖవే.

మరునాడు పొద్దున ఆరు కొట్టకముందే యజ్ఞనారాయణ జేసీబీతో కొట్టం ముందు దిగాడు. బాలనర్సయ్య మోకాళ్ల నడుమ పాల బకెట్టు సగమే నిండింది.

"సారు, జర ఆగుండ్రి. ఇంక రెండు బర్లు పిండేదున్నది. ఒక్క గంటల అన్నిట్ని ఇప్పుకొని పోత."

యజ్ఞనారాయణ గడియారం చూసుకుని కంగారుపడ్డాడు.

"గంటా! రేపు పైవాళ్లు అడిగితే ఆ ఆలస్యానికి నేనేం కారణం చెప్పుకోవాలండీ?"