కదలని గుడారం

మన సంచార సంస్కృతిని అంతరించిపోకుండా కాపాడేందుకు ప్రముఖ దర్శకులు సంజర్ గారు అల్మాటీ నగరం నుంచి మా కొండ దిగువకు విచ్చేశారని తెలియజేయడానికి సంతోషిస్తున్నాం. బాల్‌జన్ పెద్దమ్మ కుటుంబం గుడారం విప్పుకుని, గొర్రెల్ని తోలుకుని, ఎండాకాలపు పచ్చికకు కొండెక్కే దృశ్యాన్ని ఆయన కెమెరాలో భద్రపరుస్తారు. ఆ ప్రయాణం ఎటూ ఆ వారమే ఉంది.

దిగగానే ఆయన తమ సిద్ధాంతం ప్రకటించారు. "నేనెవరికీ ఏమీ చెప్పను పెద్దమ్మా. నేను లేననుకుని మీ పని మీరు చేసుకోండి."

అతిథి లేడనుకోవడం మా వంశంలో లేదు. పెద్దమ్మ పొట్టేలును కోయించి, గొప్ప అతిథికి పెట్టే మర్యాదగా తలకాయ ఆయన ముందు పెట్టింది. గుడారంలో పెద్దలు కూర్చునే చోట పరుపు వేసింది. చిక్కంతా అక్కడే వచ్చింది. అతిథి లోపల ఉండగా గుడారం విప్పకూడదు. ఎప్పుడు వెళ్తావని అడగడం అంతకన్నా తప్పు. ఆయన వెళ్తే కదులుదామని పెద్దమ్మ కూర్చుంది. వీళ్ళు కదిలితే తీద్దామని ఆయన కూర్చున్నారు. సంస్కృతి మీద ఇరుపక్షాలకూ ఇంత గౌరవం ఉండటం అరుదు.

కింది గడ్డి ఎండిపోయింది. పైన పచ్చికను పక్క లోయవాళ్ళ మందలు మేసేశాయి. గొర్రెలకు పాలు తగ్గాయి, చలికాలానికి ఎండబెట్టుకునే పెరుగుండలు ఆ ఏడు లేనట్టే. మందకు డొక్కలు తేలాయి. అందులోనే కాస్త కండ ఉన్నదాన్ని వెతికి పెద్దమ్మ అతిథికి వండుతూ ఉండేది. ఆమె భర్త తుర్సిన్ మామ ఉండబట్టలేక ఒకరోజు, "పైన గాలి చల్లగా ఉంటుంది బాబూ" అని చూచాయగా అన్నాడు. సంజర్ గారు ఆ వాక్యాన్ని ఎంతో మెచ్చుకుని రికార్డు చేసుకున్నారు.

మా పెద్దలు అత్యవసరంగా సమావేశమై, అతిథికి విషయం ఎవరు చెప్పాలో సుదీర్ఘంగా చర్చించి, ఎవరూ చెప్పకూడదని ఏకగ్రీవంగా తీర్మానించారు.

తొలి మంచు పడ్డాక ఆయన బరువెక్కిన గుండెతో, అంతకన్నా బరువెక్కిన ఒంటితో బయల్దేరారు. సినిమా పేరు 'కదలడం మరిచినవాళ్ళు'. మన సంచారులు సంచారం మానేశారని, అతిథిని ఎప్పుడు వెళ్తావని అడగని గొప్ప గుణం ఒక్కటే మిగిలిందని అందులో ఆయన గొంతు వణుకుతూ చెబుతుంది. హాలంతా కళ్ళు తుడుచుకుంది. బహుమతి కూడా వచ్చింది.

ఆ బహుమతి సభకు పిలిపించిన పెద్దమ్మ అల్మాటీలో ఆయన ఇంట్లోనే దిగింది. మర్నాడు పొద్దున టీ పోస్తూ సంజర్ గారు అడిగారు, "తిరుగు రైలు ఎప్పుడు పెద్దమ్మా?"

పెద్దమ్మ గిన్నె కింద పెట్టింది. "ఈ ఒక్క మాట నోట రాకే కదా నాయనా, ఎండాకాలమంతా నా గొర్రెల కడుపు మాడ్చాను."

సంజర్ గారి కళ్ళు చెమర్చాయి. గబగబా వెళ్ళి కెమెరా తెచ్చారు.

"ఆ మాట ఇంకోసారి అనండి పెద్దమ్మా, ఆ కిటికీ దగ్గర కూర్చుని. నేను లేననుకోండి."

పెద్దమ్మ లేచి వెళ్ళి కిటికీ దగ్గర కూర్చుంది. ఇంటివాడి మాట కాదనడం కూడా మా వంశంలో లేదు.