మా మేయరు కన్నీళ్లే మాకు శ్రీరామరక్ష

సినిమా నటులు పరిపాలనకి పనికిరారని అనేవాళ్లని చూస్తే నాకు ఒళ్లు మండుతుంది. అసలు నటన రానివాడికి ఓటెందుకెయ్యాలో ముందు చెప్పండి!

మా సాంటా పొలోనియా మేయరు తాడియో మొంటెరోనే తీసుకోండి. పాతికేళ్లపాటు తెర మీద ఒక్కసారైనా చావలేదు మహానుభావుడు. ఛాతీ నిండా తూటాలు దిగినా లేచి, చొక్కా దులుపుకుని, విలన్ని సముద్రంలోకి గిరాటేశాడు. అలాంటివాడి మీద పోటీకి దిగిందెవరు? ఊళ్లో సగంమందికి పురుడు పోసిన డాక్టరమ్మ ఓఫెలియా! ప్రచారసభలో జనం పాట పాడమంటే ఆవిడ దోమల గురించి మాట్లాడింది. ఓడిపోక ఏమవుతుంది?

గెలిచాక ఆయన నటన మానేశాడా? రామ రామ! మా ఊళ్లో ఎవరు పోయినా క్షణాల్లో టెంటు, కుర్చీలు, కాఫీ, బిస్కెట్లు, పూలచక్రం వచ్చి దిగుతాయి. అన్నిటి మీదా ఆయన బొమ్మే. శవాన్ని ఇంట్లో పెట్టుకుని, వారంపాటు పక్కనే పేకాడుకుంటూ కూర్చునే ఊరు మాది. ఓట్లన్నీ ఒక్కచోటే దొరుకుతాయి. ఆయన వస్తాడు, శవపేటిక మీద చెయ్యేస్తాడు, కెమెరా వైపు కుడి చెంప తిప్పి బోరుమంటాడు. గ్లిజరిన్ చుక్క లేకుండా! ఏడ్చే మగాణ్ణి నమ్మకూడదని సామెత కట్టినవాడు మా ఊరు రాలేదు, అంతే.

బతికున్నవాళ్లకి ఆయన దర్శనం దొరకదని కొందరి సణుగుడు. అన్ని సుఖాలూ బతికుండగానే కావాలంటే ఎలాగండీ?

ఇక అంబులెన్సు. ఊరికంతా అదొక్కటే. దాని నాలుగు పక్కలా తుపాకీ పట్టుకున్న మేయరుగారి బొమ్మ. రోగికి ఎంత ధైర్యం! మొన్న మా పక్కింట్లో వలలు అల్లుకునే ముసలాయన ఎవరిస్తోకి గుండెనొప్పి వచ్చినప్పుడు ఆ అంబులెన్సు షూటింగులో ఉంది. మేయరుగారి కొత్త సినిమాలో దానికీ ఒక వేషం ఇచ్చారు. అందులో అది టంచనుగా టైముకి వస్తుందట.

ఎవరిస్తో భార్య సింప్లీసియా మేయరు ఆఫీసుకి ఫోన్ చేసింది. నేనూ అక్కడే ఉన్నాను.

"అమ్మాయ్, మా ఆయన పడిపోయాడే! పిలిస్తే పలకట్లేదు. బండి పంపించు తల్లీ, నీకు పుణ్యముంటుంది!"

"అయ్యయ్యో! మీరేం బెంగపడకండి ఆంటీ, అన్నీ మేం చూసుకుంటాం," అంది ఫోనెత్తిన పిల్ల.

చూసుకున్నారు! ఆ ఆఫీసుకి అలవాటైన కబురు ఒక్కటే మరి. మేం ఆయన్ని ఎత్తి మంచం మీద పడుకోబెట్టేలోపు వాకిట్లో టెంటు లేచింది. వెనకే పూలచక్రం, పూలచక్రం వెనక శవాల బండి, దాని వెనక కెమెరావాళ్లు, అందరి వెనకా మేయరు. చేతులు కాలాక ఆకులు పట్టుకునే ప్రభుత్వాలని చూశాం గానీ, ప్రాణం పోకముందే పూలు పట్టుకొచ్చే ప్రభుత్వం ఎక్కడైనా ఉందా?

మేయరుగారు మంచం పక్కన మోకాళ్ల మీద కూలబడ్డారు. "అన్నా! నన్ను దిక్కులేనివాణ్ణి చేసి పోయావా అన్నా!" ఆయన ఎవరిస్తో మొహం చూడ్డం అదే మొదలు.

ఆ అరుపుకి ఎవరిస్తో కళ్లు తెరిచాడు. "ఇంకా పోలేదు బాబూ... నొప్పి..." అన్నాడు.

"బతికే ఉన్నాడయ్యా! ఆస్పత్రికి తీసుకెళ్లాలి!" అని సింప్లీసియా గుండెలు బాదుకుంది.

ఇంకొకడైతే సిగ్గుతో చచ్చేవాడు. మావాడు ఆర్టిస్టు! వెనక్కి తిరిగి, "కెమెరా నడుస్తోందిగా?" అని అడిగి, రెండు చేతులూ పైకెత్తాడు. "దేవుడా! నా ఆయుష్షు తీసుకో, మా అన్నని తిరిగి ఇచ్చెయ్!" జనం ఘొల్లుమన్నారు. అద్భుతం, అద్భుతం అంటూ ఒకరి మీద ఒకరు పడి ఫోటోలు తీసుకున్నారు. మంచం మీద మనిషి చెమటలు కక్కుతున్నాడని ఒక్కడికీ పట్టలేదు.

సింప్లీసియా మాత్రం శవాల బండి డ్రైవరు కాలరు పట్టుకుంది. "దీనికి ఇంజనుందా లేదా? ఏడుపు తర్వాత ఏడుద్దువు గానీ, ముందు ఆ కాళ్లు పట్టు!"

పూలు కిందికి తోసేసి మొగుణ్ణి అందులో పడుకోబెట్టింది. దారిపొడుగునా జనాన్ని కుక్కుకుని తిరిగే జీప్నీలు, ట్రైసికిల్ ఆటోలు పక్కకి తప్పుకున్నాయి. జనం టోపీలు తీసి శిలువ గుర్తు వేసుకున్నారు. అంబులెన్సుకైతే అంత దారి ఎవడిస్తాడు? పట్నం ఆస్పత్రికి సమయానికే చేరారు, ముసలాయన బతికాడు.

మర్నాడు ఊరంతా బ్యానర్లే: "చచ్చినవాణ్ణి లేపిన తాడియో!" జనం నమ్మారండీ! మా వీధిలో ఒకావిడ, జబ్బుచేసిన పందెం పుంజుని చంకలో పెట్టుకుని మేయరుగారింటికి వెళ్లింది, దాని మీద కూడా కాస్త ఏడ్చిపెట్టమని. ఇంతటి ఆదరణ చూశాక ఆయన ఊరికే ఎందుకుంటాడు? గవర్నరు పదవికి నిలబడుతున్నాడు.

ఎవరిస్తోని ఇప్పుడు వారం వారం పరీక్షకి తీసుకెళ్లాలి. జీప్నీ కుదుపులు ఆ గుండెకి పడవన్నారు డాక్టర్లు. సింప్లీసియా మళ్లీ ఆఫీసుకి ఫోన్ చేసింది.

"ఆయన పోయారా ఆంటీ?" అని అడిగిందా పిల్ల.

"లేదమ్మా, డాక్టరుకి చూపించాలి."

"అయ్యో, అలాగైతే కష్టం ఆంటీ. అంబులెన్సు షూటింగ్ ఇంకా అవలేదు."

నిన్న పొద్దున గోడ అవతల శోకాలు వినిపించి నా పైప్రాణాలు పైనే పోయాయి. పరుగెత్తాను. సింప్లీసియా ఫోన్ చెవికి ఆనించుకుని గుండె పగిలేలా ఏడుస్తోంది. "పోయాడమ్మా! నన్ను అన్యాయం చేసి పోయాడు!" మొన్ననే పోయాడు కదా, మళ్లీ ఎలా పోయాడని ఆ పిల్ల అడగనేలేదు. మేయరుగారు తొమ్మిదింటికి ఖాళీయేనంది.

సింప్లీసియా ఫోన్ పెట్టేసి, కళ్లు తుడుచుకుని, మూలన కూర్చుని గంజి తాగుతున్న మొగుడి వైపు తిరిగింది.

"తొందరగా తాగి చొక్కా తొడుక్కో. బండొస్తోంది."