మూడు కోటింగుల బుడంకాయ

పాలిష్ మేస్త్రి ఆ వారం ఒక కుట్ర పన్నాడు.

నిజానికి మనిషిది కుట్రలు పన్నే మొహం కాదు. పేకాటలో మంచి ముక్క పడితే చాలు, చెవులు ఎర్రబడి ఎదుటివాళ్లకి కబురు అందిపోతుంది. అలాంటివాడు టైలరమ్మ కళ్లుగప్పి, టైలరమ్మ ఇంట్లోనే, టైలరమ్మ కూతురి మీద ఒక ప్రయోగం చెయ్యాలనుకున్నాడు. దాన్ని ధైర్యమనాలో పోయేకాలమనాలో మీరే తేల్చుకోండి.

టైలరమ్మ అంటే అతని భార్యే. ముందు గది కుట్టుమిషన్‌ది, మిగిలిన ఇల్లు వీళ్లది. కూతురికి మూడేళ్లు. దానికో పేరుంది కానీ ఆ పేరుతో పిలిస్తే పలకదు. బుడంకాయ అంటేనే పలుకుతుంది.

అన్నిటికీ మూలం మేస్త్రి అక్కగారు. పోయిన ఆదివారం చూడ్డానికి వచ్చి, బుడంకాయ గడ్డం పట్టుకుని అటూ ఇటూ తిప్పి చూసింది.

"ఏరా తమ్ముడూ, ఊళ్లోవాళ్ల బల్లలన్నీ అద్దాల్లా మెరిపిస్తావు. నీ కూతురి బుగ్గేమిట్రా, సున్నం రాలిన గోడలా ఉంది?"

ఆవిడ మంచినీళ్లు తాగి వెళ్లిపోయింది. మాట మాత్రం మేస్త్రి గుండెలో మేకులా దిగబడిపోయింది.

పరీక్షగా చూశాడు. నిజమే. కుడి బుగ్గ నున్నగా ఉంది. ఎడమ బుగ్గ మాత్రం ఎర్రగా, పొడిబారి, చేత్తో తడిమితే గరగరమంటోంది.

"చూశారా?" అంది టైలరమ్మ, దారం పళ్లతో తెంపుతూ. "నేను చూసి పది రోజులైంది. శనివారం పిల్లల డాక్టరమ్మకి చూపిద్దాం. అప్పటిదాకా మీరేమీ చెయ్యకండి."

"నేనేం చేస్తాను?"

"అందుకే చెప్తున్నా."

మొగుడి చెవులు ఎర్రబడటం ఆవిడ చూసింది. అయినా ఇంకేమీ అనలేదు. నాలుగు జాకెట్లు కుట్టాల్సి ఉంది.

ఇక్కడ ఒక సంగతి చెప్పుకోవాలి. మేస్త్రి పొద్దున్నే, కూతురు లేవకముందే పనికి వెళ్లిపోతాడు. సాయంత్రం గేటు చప్పుడు కాగానే బుడంకాయ పరుగెత్తుకొస్తుంది. తండ్రి ఎడమ భుజమెక్కి, తల వాల్చి, వీధిలో పోయే సైకిళ్లు చూస్తుంది. ఆ తర్వాత దాని స్నానం. అది మేస్త్రి వంతు. రోజు మొత్తంలో కూతురితో అతనికి దక్కేది ఆ గంటే. దానికోసమే మిగతా పగలంతా బల్లలు రుద్దుతాడని చెప్పినా అబద్ధం కాదు.

కుట్రకి సాంకేతిక సలహా పనిచేసే చోట దొరికింది. అక్కడొక వడ్రంగి ఉన్నాడు. అందరూ సలహాల పెట్టె అంటారు. మూత తియ్యక్కర్లేదు, ఎప్పుడూ తెరిచే ఉంటుంది.

"చర్మమైనా చెక్కైనా ఒకటే అన్నా. పాత పొర లేవాలి, కొత్త పొర ఎక్కాలి. నీకు తెలియనిదేముంది?"

"నీకు పిల్లలున్నారా?"

"పిల్లలుంటే ఇన్ని సలహాలు ఎందుకుంటాయి?"

మేస్త్రికి అది చాలా సబబుగా తోచింది.

శుక్రవారం సాయంత్రం టైలరమ్మ కుట్టిన బట్టలు ఇచ్చి రావడానికి బయల్దేరింది. ముందు గదిలో మేకుకి ఒక తెల్లగౌను వేలాడుతోంది. పక్కవీధి టీచరమ్మది. మెత్తటి నూలుబట్ట, గుండీలు కుట్టడమే మిగిలింది.

"దాని జోలికి పోకండి," అంది చెప్పులు తొడుక్కుంటూ.

"గౌను జోలికా, పిల్ల జోలికా?"

"దేని జోలికీ."

గేటు పడింది. కుట్ర మొదలైంది.

ముందు నీళ్లు. పాత పొర మెత్తబడాలంటే వేడి ఉండాలిగా? వేడిగా తోడాడు. తర్వాత తను ఒళ్లు రుద్దుకునే పీచు. గరుకు కాగితంతో చెక్క రుద్దినట్టు, ఒకే దిక్కుగా, నెమ్మదిగా. తర్వాత తన నీలం సబ్బు. దాని వాసనకి గోడమీద బల్లి కూడా పక్కగదికి వెళ్లిపోయింది.

"నాన్నా, బుగ్గ కారం," అంది బుడంకాయ.

"అయిపోయిందమ్మా. ఇక కోటింగులే."

మొదటి కోటింగు సెంటు నూనె. రెండోది టైలరమ్మకి ఎవరో కానుకగా ఇస్తే మూత కూడా తియ్యకుండా అలమారాలో పెట్టుకున్న మెరుపు క్రీము. మూడోది పౌడరు.

"కారం నాన్నా."

"ఆఖరి కోటింగు. ఓర్చుకో."

బుడంకాయ ఓర్చుకోలేదు. మూడు పొరల జిడ్డుతో ఉన్న పిల్లని పట్టుకోవడం చేపపిల్లని పట్టుకోవడం లాంటిదే. ఒక్కసారి మెలిక తిరిగింది. మేస్త్రి చేతుల్లో వాసన మాత్రం మిగిలింది.

పౌడరు మేఘం ముందు, మేస్త్రి వెనక. వంటగది, పడగ్గది, ముందు గది. అక్కడ పిల్లకి మండుతున్న బుగ్గ ఆనించడానికి చల్లగా, మెత్తగా, తెల్లగా ఒకటి కనిపించింది.

మేస్త్రి వెళ్లేసరికి టీచరమ్మ గౌనులో బుడంకాయ మొహం పెట్టుకుని నిలబడి ఉంది. విడదీసి చూస్తే గౌను మీద ఒక మనిషి నూనె ఆనవాలు. ముక్కు, పొట్ట, రెండు చేతులు, వేళ్లతో సహా. వేలిముద్రల నిపుణులు అవసరం లేని నేరం.

గేటు కిర్రుమంది.

మేస్త్రి బుర్ర పాదరసంలా పనిచేసింది. లైటు ఆర్పేశాడు.

"కరెంటు పోయిందా?" గుమ్మంలోంచి టైలరమ్మ గొంతు.

"ఆఁ, ఇప్పుడే."

"మరి ఫ్యాను తిరుగుతోందే?"

"అది... ఇందాకటి ఊపు."

స్విచ్చి టక్కుమంది. టైలరమ్మ గౌను చూసింది. మొగుణ్ని చూసింది. చివరికి పిల్లని చూసింది. బుడంకాయ రెండు బుగ్గలూ కందిపోయి ఉన్నాయి. మెడ మీద చిన్న చిన్న దద్దుర్లు లేస్తున్నాయి.

"అమ్మా," అంది ప్రత్యక్ష సాక్షి, ఎవరూ అడక్కుండానే. "నాన్న నాకు పాలిష్ పెట్టాడు."

టైలరమ్మ అరుస్తుందనుకున్నాడు. అరిస్తే బాగుండేది. ఆవిడ మాట్లాడకుండా పిల్లని తీసుకెళ్లి, గోరువెచ్చని నీళ్లతో పూసినవన్నీ కడిగింది. పాత నూలుగుడ్డతో తుడవకుండా అద్దింది. మెత్తటి వదులు చొక్కా తొడిగింది. తర్వాత వచ్చి మొగుడి ఎదురుగా కూర్చుంది.

"ఏమండీ, కొత్తరకం పాలిష్ డబ్బా కొంటే ముందు ఎక్కడ పూస్తారు?"

"బల్ల అడుగున. కనపడనిచోట, చిన్న మరకంత."

"పూసి?"

"ఒక రోజు ఆగుతా."

"ఎందుకు?"

"ఆ చెక్కకి పడుతుందో లేదో..."



"పరాయివాళ్ల బల్లకి చేసే మర్యాద అది," అంది టైలరమ్మ మెల్లగా. "రేపట్నుంచి దాని స్నానం నేను చూసుకుంటాను."

  

శనివారం అతను పని మధ్యలోంచే ఆస్పత్రికి వచ్చాడు, పని చొక్కాతోనే. పిల్లల డాక్టరమ్మ కళ్లజోడు సర్దుకుని అడిగింది.

"ఏమేం పూశారు?"

మేస్త్రి వరసగా చెప్పాడు. పీచు దగ్గర డాక్టరమ్మ కలం ఆగింది. పౌడరు దగ్గర కలం మూత పెట్టేసింది.

"ఇది పిల్లా, అలమారానా?"

"అదే నేనూ అడుగుదామనుకున్నానండి," అంది టైలరమ్మ.

డాక్టరమ్మ బుడంకాయ మెడ చూసి, దద్దుర్లు ఒకటి రెండు రోజుల్లో తగ్గుతాయని చెప్పింది. "చూడండి మేస్త్రిగారూ, పిల్లల చర్మం చాలా పల్చన. దానికి పని చెప్పడం కాదు, దాన్ని దాని మానాన వదిలెయ్యడం ముఖ్యం. గోరువెచ్చని నీళ్లు, తొందరగా ముగించే స్నానం. వాసన లేని మెత్తటి సబ్బు, అదీ మురికి ఉన్నచోటే. ఒంటి మీద తడి పూర్తిగా ఆరకముందే వాసన లేని మాయిశ్చరైజర్ పల్చగా రాయండి. అంతే. పౌడరు అసలొద్దు, ఊపిరితో లోపలికి పోతుంది. గోళ్లు కత్తిరించండి, గోక్కోకుండా."

"ఇంతేనా?" అన్నాడు మేస్త్రి. ఇన్ని కోటింగులు తెలిసినవాడికి ఆ వైద్యం మరీ బోసిగా కనిపించింది.

"ఇంతే. కొత్తదేదైనా రాయాలంటే ముందు చేతి మీద కొంచెం రాసి, ఒక రోజు ఆగి..."

"ఆ సంగతి ఈయనకి బాగా తెలుసండి," అంది టైలరమ్మ.

డాక్టరమ్మ మళ్లీ బుగ్గ వైపు వంగింది. "ఇది మాత్రం నిన్నటిది కాదు. పాతది. ఎడమ బుగ్గ మీదే ఎందుకొచ్చింది? ఎటు తిరిగి పడుకుంటుంది?"

"వెల్లకిలా," అంది టైలరమ్మ.

"ఎక్కువగా ఎత్తుకునేదెవరు?"

"నేనండి," అన్నాడు మేస్త్రి, ఎక్కడలేని గర్వంతో. ఇన్ని తప్పుల మధ్య ఒక్కటైనా ఒప్పు దొరికింది కదా అని.

"ఏదీ, ఎలా ఎత్తుకుంటారో చూపించండి."

బుడంకాయ చేతులు చాచింది. ఎడమ భుజమెక్కింది. తల వాల్చింది. ఎడమ బుగ్గ తిన్నగా వెళ్లి పని చొక్కా మీద ఆనింది. చెక్కపొడి, స్పిరిటు, నెలల తరబడి ఎండిపోయిన పాలిష్ మరకలు ఉన్న చోట.



"అదే అయ్యుండొచ్చు," అంది డాక్టరమ్మ, గొంతు తగ్గించి. "ఎత్తుకోవద్దనడం లేదు. స్నానం చేసి, చొక్కా మార్చుకుని ఎత్తుకోండి. కొన్నాళ్లు చూద్దాం."

తిరిగొచ్చేటప్పుడు మేస్త్రి కూతుర్ని టైలరమ్మ చేతికిచ్చి వెనకగా నడిచాడు. కూతురి బుగ్గ పాడుచేసినవాడి కోసం వారమంతా వెతికాడు. గాలిని అనుమానించాడు, నీళ్లని అనుమానించాడు. వాడు రోజూ తన చొక్కాలోనే ఇంటికొస్తున్నాడు. అదీ పిల్ల పరుగెత్తుకొచ్చే వేళకి.

సోమవారం సాయంత్రం గేటు తీశాడు. బుడంకాయ పరుగెత్తుకొచ్చింది. మేస్త్రి పోలీసుల్ని చూసిన దొంగలా చేతులు రెండూ పైకెత్తి, గోడవెంట పక్కకి జరుగుతూ పెరట్లోకి పోయాడు. వెనక పిల్ల "నాన్నా" అంది. అంతే అంది. 

మంగళవారం రెండో కుట్ర పుట్టింది. మొదటిదానికన్నా తెలివైనదని మేస్త్రి నమ్మకం.

వీధి మలుపులో ఆగి, సంచిలోంచి ఉతికిన చొక్కా తీసి, పని చొక్కా మీదే తొడుక్కున్నాడు. మెడదాకా గుండీలు పెట్టాడు. కాస్త లావుగా కనిపిస్తున్నాడు, అంతే. స్నానం తర్వాత చేసుకోవచ్చు. గేటు దగ్గర ముచ్చట మాత్రం దక్కుతుంది.

గేటు తీశాడు. కిటికీలోంచి చూస్తున్న టైలరమ్మని "చూడు, చొక్కా మార్చాను" అన్నట్టు చూశాడు. వంగి చేతులు చాచాడు.

బుడంకాయ రెండడుగుల దూరంలో ఆగింది. ముక్కు ముందుకి చాచి వాసన చూసింది. వేలితో మెడ దగ్గర గుండీ మీద పొడిచింది.

"నాన్నా, లోపల ఇంకో నాన్న ఉన్నాడు."

కిటికీలో కత్తెర చప్పుడు ఆగిపోయింది.

"ఏమండీ," అంది టైలరమ్మ. "చెవులు."

మేస్త్రి చెవులు తడుముకున్నాడు. వేడిగా ఉన్నాయి.

"బట్టల మీద బట్టలు తొడిగి టైలర్ని మోసం చేద్దామనుకున్నారు," అంది ఆవిడ బయటికొచ్చి. కోపంగా అనలేదు. మూతి బిగించి ఏదో ఆపుకుంటోంది. "పెరట్లోకి పోండి. మీది అక్కడుంది."

పెరటి గుమ్మం పక్కన నిన్నటిదాకా లేని కొక్కెం ఒకటి ఉంది. దానికి తువ్వాలు, ఒక తెల్లచొక్కా. మెత్తటి నూలుబట్ట. ఎడమ భుజం మీద రెండు పొరలు వేసి కుట్టింది. గట్టి కాలరు లేదు, జేబు లేదు, బుగ్గకి ఒరుసుకునే గుండీ ఒక్కటీ లేదు. వెలుతురుకి ఎత్తి పట్టుకుని చూస్తే, ఎంత ఉతికినా వదలని చిన్న చెయ్యి ఆనవాలు, వేళ్లతో సహా.

టీచరమ్మకి కొత్త గౌను ఆదివారమే కుట్టిచ్చిందట. నూనె అంటిన పాతది ఇలా చొక్కాగా తేలింది. అంటే తను వీధి మలుపులో నిలబడి చొక్కా మీద చొక్కా తొడుక్కుంటున్నప్పటికే ఇది ఇక్కడ వేలాడుతోంది. రెండు కుట్రల్లోనూ ఆవిడ ఒక కుట్టు ముందే ఉంది.

మేస్త్రి ఆ చొక్కాని జాగ్రత్తగా మళ్లీ కొక్కేనికి తగిలించాడు. తర్వాత గబగబా స్నానం చేశాడు. గోళ్ల సందులు కూడా తోముకున్నాడు.

బయటికొచ్చేసరికి గుమ్మం దగ్గర బుడంకాయ కాపలా. ఒక చేతిలో గుడ్డ, ఒక చేతిలో తన మాయిశ్చరైజర్.

"కూర్చో."

కూర్చున్నాడు. తడి తుడుచుకోబోతే చెయ్యి లాక్కుంది.

"రుద్దకూడదు నాన్నా. అద్దాలి."

అద్దింది. పగుళ్లిచ్చిన ఆ వేళ్లని ఒక్కొక్కటే తిప్పి చూసి, డాక్టరమ్మలాగే మొహం పెట్టింది. తండ్రి కుడిచెయ్యి వెల్లకిలా తిప్పి, మణికట్టు లోపలివైపు, ఎవరికీ కనపడనిచోట, చుక్కంత క్రీము పెట్టింది. మూత బిగించేసింది.

"మరి మిగతా చేతికో?" అన్నాడు మేస్త్రి.

"రేపు. పడుతుందో లేదో చూడాలి."

లోపల్నించి టైలరమ్మ దగ్గు వినిపించింది. అది దగ్గు కాదని మేస్త్రికి తెలుసు.

"ఎత్తుకోవడం కూడా రేపేనా?"

బుడంకాయ ఆలోచించింది. చొక్కా భుజం దగ్గర ముక్కు పెట్టి చూసింది. ఇంకేమీ అనకుండా ఎక్కేసింది. తల వాల్చి, ఇంకా గరుకు పోని ఆ బుగ్గని రెండు పొరల మెత్తటి బట్టకి ఆనించింది. వీధిలో సైకిలు ఒకటి పోతోంది.

"ఏమండీ," అని పిలిచింది టైలరమ్మ స్నానాలగదిలోంచి. "నీళ్లు తోడాను. వేడి సరిపోయిందో లేదో చూసి, దానికి స్నానం చేయించండి. నాకు గుండీలు కుట్టే పనుంది."

మేస్త్రి కూతురితోనే వెళ్లి బకెట్లో కుడిచెయ్యి పెట్టబోయాడు.

"నాన్నా," అంది భుజం మీంచి గొంతు.

ఆగాడు. పిల్లని ఆ భుజం నుంచి ఈ భుజానికి మార్చుకుని, ఎడమచెయ్యి ముంచాడు. కుడి మణికట్టు మీద పరీక్ష నడుస్తోంది. రేపటిదాకా తడపకూడదు.