స్టే ఉన్న గదిలో తువ్వాలు

సీనియారిటీ గారికి కట్టుకున్న భార్యతో కోర్టు కేసు నడుస్తోంది. విడాకులది కాదు, అంతకన్నా గంభీరమైనది. ఇద్దరూ ఒకే కాలేజీ ఆఫీసులో గుమస్తాలు. సూపరింటెండెంటు పోస్టు ఖాళీ అయింది. ఉద్యోగంలో ముందు చేరింది ఆయన, దానికి కావలసిన పరీక్ష ముందు పాసయింది ఆవిడ. కాలేజీ ఆవిడకి ప్రమోషన్ ఇవ్వగానే, సీనియారిటీ తనదేనంటూ ఆయన ఒంటికాలి మీద లేచి కోర్టు నుంచి స్టే తెచ్చాడు. సీనియారిటీ గారన్న పేరు అప్పుడే స్థిరపడింది.

వాయిదాలకి వాది, ప్రతివాది ఒకే స్కూటరు మీద వెళ్ళొచ్చేవారు.

"నువ్వు గెలిస్తే సెలవు చీటీ నీకు పెట్టుకోవాలా నేను?" అనడిగాడు ఒకనాడు.

"ఇంట్లో నోటితో అడుగుతున్నారు. అక్కడ కాగితం మీద అడుగుతారు, అంతేగా" అంది ఆవిడ.

ఆ మాట ఆయనకి ముల్లులా గుచ్చుకుపోయింది.

కోర్టు యథాతథ స్థితి కొనసాగించమంది. ప్రిన్సిపాలు భయస్తుడు. పాత సూపరింటెండెంటు ఆ గదిలోనే, గ్లాసులో నీళ్ళు సగం తాగి మూతపెట్టి, కుర్చీలో వెనక్కి వాలి ప్రాణం విడిచాడు. ఆ గ్లాసు కదిపినా కోర్టు ధిక్కారమే అవుతుందని ప్రిన్సిపాలు గదికి తాళం వేయించేశాడు. కుర్చీ వీపున తువ్వాలు, బల్ల మీద కళ్ళజోడు, సగం గ్లాసు నీళ్ళు. కిటికీలోంచి చూస్తే ఆయన ఇప్పుడే చేతులు కడుక్కోవడానికి వెళ్ళినట్టుంటుంది. బతికున్నప్పుడు ఎవరినీ పేరు పెట్టి పిలిచేవాడు కాదు, చిన్నగా దగ్గేవాడు. ఇప్పటికీ ఆ గుమ్మం దాటేటప్పుడు జనం మాటలాపి చెవులు రిక్కిస్తారు.

సీనియారిటీ గారికి పథకం తట్టింది. బల్లిని చూస్తే వీధిలోకి పరుగెత్తే మనిషి, దయ్యం తిరిగే గదిలో కూర్చుంటుందా? రికార్డు గదిలోంచి లోపలికి ఒక పక్క తలుపుంది. దాని గడియ సరిగ్గా పట్టదు. భోజనాల వేళ వరండా ఖాళీ అవగానే దూరాడు. పాత నీళ్ళు ముక్కు మూసుకుని తాగేశాడు. తువ్వాలు నేలమీద పడేశాడు.

"గ్లాసు ఖాళీ అయిందట, తువ్వాలు కింద పడుందట" అన్నాడు ఆ సాయంత్రం, గొంతు వణికించి.

"పాపం, దాహమేసిందేమో" అంది ఆవిడ గరిటె తిప్పుతూ.

"నీకు భయంగా లేదూ?"

"ఉండదూ? ప్రమోషన్ వద్దని రాసిచ్చేయమంటారా?"

"నీ ఆరోగ్యం కన్నా ఎక్కువా ఏమిటి" అని, నవ్వు దాచుకోవడానికి పంపు దగ్గరికెళ్ళి మొహం కడుక్కున్నాడు.

మర్నాడు దూరి చూస్తే గ్లాసు నిండా నీళ్ళున్నాయి, మూత పెట్టి. తువ్వాలు అంచుకి అంచు కలిపి, నిలువుగా మడిచి, కుర్చీ వీపున ఉంది. వరండా తలుపు తాళం వేసినట్టే ఉంది. ఆయన పక్క తలుపు దాకా వెనక్కి నడిచాడు. అయినా మొండికేసి నీళ్ళు తాగాడు. చల్లగా ఉన్నాయి. తువ్వాలు బల్లకిందికి విసిరాడు.

ఆ మరునాడు మళ్ళీ గ్లాసు నిండింది, తువ్వాలు మడతలోకి వచ్చింది. వరండా తలుపు వైపు ఉండాల్సిన కుర్చీ పక్క తలుపు వైపు, అంటే సరిగ్గా ఆయన వైపు, తిరిగి ఉంది. ఎవరో చిన్నగా దగ్గారు.

ఆయన ఎలా బయటపడ్డాడో ఆయనకే తెలియదు. ఒక చెప్పు లోపలే ఉండిపోయింది. తెగిపోయిందని భార్యకి అబద్ధం చెప్పి, ముసుగుతన్ని పడుకున్నాడు.

పొద్దున్నే తలుపు తీస్తే ఇంటి గుమ్మం పక్కన రెండు చెప్పులూ ఉన్నాయి, జతగా, ముందు కొసలు ఇంట్లోకి తిప్పి.

"ఆయన మనింటికొచ్చాడే" అన్నాడు తలుపు చాటుకి నక్కుతూ.

అదే రోజు లాయరు కాళ్ళావేళ్ళా పడి కేసు వెనక్కి తీయించాడు. కుర్చీ వద్దు, సీనియారిటీ వద్దు, ప్రాణాలుంటే చాలనుకున్నాడు. గది తెరిచారు. ఆవిడ వెళ్ళి కూర్చుంది. బల్లి మీద పడ్డా కదలనంత నిబ్బరంగా.

సెలవు చీటీ పట్టుకుని గుమ్మంలో నిలబడ్డ మొగుణ్ణి చూసి, "లోపలికి రండి, నేనేగా" అంది. "ఆ గడియ పట్టట్లేదని మీకు చెప్పింది ఎవరో గుర్తుందా?"

ఆయనకి గుర్తొచ్చింది, చెప్పింది ఆవిడే. అప్పుడు అన్నం తింటూ ఊఁ కొట్టాడు.

"అంటే నీళ్ళూ, తువ్వాలూ, చెప్పూ..."

"కాపురానికొచ్చిన దగ్గర్నుంచీ మీరు పడేసిన తువ్వాలు మడతై దండేనికెక్కుతోంది. మీరు తాగేసిన గ్లాసు నిండుతోంది. గుమ్మంలో చెప్పులు జత కలుస్తున్నాయి. ఒక్కరోజైనా భయమేసిందా మీకు?"

సీనియారిటీ గారు తల దించుకున్నాడు. సిగ్గేసింది, నిజంగానే. ఏం చేయాలో తోచక కుర్చీ వీపున ఉన్న తువ్వాలు సర్దాడు.

"దగ్గు మాత్రం అచ్చం ఆయనలాగే దగ్గావే" అన్నాడు, కాస్త మెచ్చుకోలుగా.

ఆవిడ సంతకం పెట్టబోతున్న పెన్ను ఆగింది. "నేనెప్పుడు దగ్గాను?"

"మరి కుర్చీ తిప్పింది?"

"మీరు తిప్పారనుకున్నాను."

ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. వరండాలో ఎవరూ లేరు. పొద్దున ఆవిడ నింపిపెట్టిన గ్లాసు బల్ల మీద ఖాళీగా ఉంది.

సీనియారిటీ గారు గ్లాసు తీసుకెళ్ళి, పెళ్ళయ్యాక మొదటిసారి తన చేత్తో నీళ్ళు పట్టుకొచ్చి, మూతపెట్టి, బల్ల మీద జాగ్రత్తగా ఉంచాడు.