సవుడుపాలెం అగ్నిపర్వతం

ఆ శనివారం పొద్దున జడ్సన్ ఇడ్లీ పళ్లెం పక్కకు జరిపి, పాత క్యాలెండరు కాగితం వెనకవైపు సాయంత్రానికి లెక్క వేసుకున్నాడు. నాలుగున్నరకు అతిథులు దిగుతారు. ఐదింటికి నడక మొదలు. ఐదు ముప్పావుకు శిఖరం. ఆరింటికి ఎమ్మార్వో మేడమ్ జీపు. ఏడింటికి నక్షత్రాలు. ఎనిమిదింటికి దోసెలు, చేపల పులుసు. ఏ గీతకు ఆ గీత సరిగ్గా కుదిరింది. ఇన్నేళ్ళ వ్యాపారంలో అతను గమనించింది ఒకటే: కాగితం మీద నష్టం వచ్చిన పని ఇంతవరకు ఒక్కటీ లేదు.

శిఖరమంటే జడ్సన్ ఇటుకల యార్డు వెనక ఉన్న బూడిద దిబ్బ. మూతపడబోతున్న ఒక ఫ్యాక్టరీ వాళ్ళు బాయిలరు బూడిదనూ, కాలి గడ్డకట్టిన నల్లటి చిట్టేన్నీ ఊరికే ఇస్తామన్నారు. పైగా వాళ్ళ లారీల్లో వాళ్ళే తెచ్చి పోశారు. ఎదుటివాడు సరుకు ఊరికే ఇచ్చి, లారీ కిరాయి కూడా తానే పెట్టుకున్నాడంటే లాభం ఎవరి వైపు ఉందో అప్పుడే తెలియాలి. జడ్సన్‌కు అది రెండు వానాకాలాలు గడిచాక తెలిసింది. ఆ బూడిదతో చేసింది ఎత్తినప్పుడు ఇటుక, దించినప్పుడు మళ్ళీ బూడిద. అమ్మకం ఆగిపోయింది, దిబ్బ మిగిలిపోయింది. అర ఎకరం మేర, ముప్పై అడుగుల ఎత్తు. కోట మండలంలో సముద్రం పక్కన నేలంతా పళ్లెంలా చదునుగా ఉంటుంది కాబట్టి, దిబ్బ మూడు ఊళ్ళ అవతలికి కూడా కనిపించేది.

గాలి వీచినప్పుడల్లా బూడిద రొయ్యల చెరువుల్లోనూ, ఆరేసిన బట్టల మీదా పడుతోందని సవుడుపాలెం జనం అర్జీ పెట్టారు. ఎమ్మార్వో బిందు గారు నోటీసు ఇచ్చారు: నెలాఖరులోగా దిబ్బ తీసెయ్యాలి. అంటే మూడు వేల ట్రాక్టర్లు. తీసింది ఎక్కడ పోయాలో నోటీసులో లేదు. అన్ని ట్రాక్టర్లు తోలించాలంటే యార్డు అమ్మాలి. యార్డు పోతే జడ్సన్‌కు మిగిలేది దిబ్బ ఒక్కటే, అదీ అప్పటికి ఉండదు. ఆఫీసుకు వెళ్ళి బతిమాలితే మేడమ్ ఒక దారి చూపించారు. "దానివల్ల జనానికి ఒక్క ఉపయోగం చూపించండి జడ్సన్ గారూ. నోటీసు నేనే చించేస్తాను."

ఆ ఉపయోగం జడ్సన్‌కు సెల్‌ఫోన్లో దొరికింది. ఏదో దేశంలో జనం సాయంత్రంపూట నల్లటి అగ్నిపర్వతం మీద నడిచి, పైన కూర్చుని నక్షత్రాలు చూస్తున్నారు. అతను వీడియో ఆపి, కిటికీలోంచి తన దిబ్బ వైపు చూశాడు. మళ్ళీ వీడియో చూశాడు. సరుకు ఒకటే, బోర్డు తేడా. శనివారానికి నెల్లూరోళ్ళకు టిక్కెట్లు అమ్మి, జనానికి ఉపయోగం ఉంది చూద్దురుగాని రమ్మని ఎమ్మార్వో మేడమ్‌ను కూడా పిలిచాడు.

"అగ్నిపర్వతమా? ఏందయ్యా, దేవుడు చూస్తా ఉండాడు" అంది అతని భార్య నవోమి, పులుసుకు చింతపండు పిసుకుతూ.

"చూడనీమే. అది బూడిదని ఆయనకు తెలవదా ఏంది? నెల్లూరోళ్ళకు తెలవకుంటే చాలు."

"రేపు గుడిలో పాస్టరుగారి ముందు ఏం మొహం పెట్టుకుని కూర్చుంటావు?"

"నేనేం అబద్ధం చెప్పలా. కాలిందా లేదా? కాలింది. నల్లగా ఉండాదా లేదా? ఉండాది. లోపల్నుంచి బయటికొచ్చిందా?"

"బాయిలరు లోపల్నుంచి."

"దేని లోపల్నుంచని ఎవురూ అడగలేదు గదా!"

ఒక చిక్కు మాత్రం ఉంది. నేరుగా ఎక్కితే దిబ్బ పైకి నాలుగు నిమిషాలు. నాలుగు నిమిషాల నడక కోసం నెల్లూరు నుంచి ఎవరొస్తారు? అందుకని జడ్సన్ దిబ్బ చుట్టూ సున్నంతో దారి గీశాడు. అది దిబ్బను ఐదుసార్లు చుట్టి, ఎక్కడికక్కడ కాస్త కిందికి కూడా దిగి, ముప్పావు గంటకు పైకి చేరుతుంది. ఇక మిగిలింది పొగ. పొగ లేని అగ్నిపర్వతం త్రాసు లేని అంగడిలా ఉంటుందని అతనికి తోచింది. యార్డులో మూలన పడున్న మూడు డ్రమ్ములను పైకి దొర్లించి, తడి ఊక నింపి, వేపాకు కప్పాడు. దోమలు కూడా పోతాయి. ఒక మంటకు రెండు లాభాలు. ఆ డ్రమ్ములు ఒకప్పుడు రోడ్డు పనికి తారు తెచ్చినవనీ, అడుగున జానెడు తారు ఇంకా ఉందనీ లెక్కలో చేర్చుకోలేదు.

నాలుగున్నరకే అతిథులు దిగారు. నలుగురు బ్యాంకు ఉద్యోగులు, రిటైరైన భూగోళం మాస్టారు పద్మనాభయ్య గారు, ఆయన భార్య వెంకటశేషమ్మ గారు. మాస్టారి మెడలో బైనాక్యులర్లు, చేతిలో నోటుపుస్తకం. ఆయన దిగీదిగగానే ఆ పుస్తకం తెరిచి పెన్ను తీశారు.

"ఇది చివరిసారి ఎప్పుడు బద్దలైంది నాయనా?"

"నాకు తెలిసి... నాలుగేళ్ళయింది సార్. మూడు నెల్లపాటు రోజూ పడింది." అది నిజమే. లారీలు మూడు నెలలు వచ్చాయి.

మాస్టారు శ్రద్ధగా రాసుకున్నారు.

రెండో చుట్టు తిరుగుతుండగా తారు అంటుకుంది. అప్పటిదాకా సన్నగా తెల్లగా లేచిన పొగ ఒక్కసారి తాటిచెట్టంత లావున, కాటుకలా నల్లగా ఆకాశానికి లేచింది. బ్యాంకు ఉద్యోగులు చప్పట్లు కొట్టారు. ఇచ్చిన దానికి తగినంత సరుకు వచ్చిందన్న తృప్తి వాళ్ళ మొహాల్లో చూసి జడ్సన్ కూడా కొట్టాడు.

ఆ పొగ చెంచురామయ్యకు కూడా కనిపించింది. ఆయన సవుడుపాలెం తుపాను కమిటీకి పెద్ద. ప్రభుత్వం వారు శిక్షణ ఇచ్చి, ఒక నారింజ రంగు కోటు, ఒక మైకు, చేత్తో తిప్పే సైరను ఇచ్చి వెళ్ళారు. అప్పటినుంచి మూడేళ్ళుగా తుపాన్లన్నీ అటు ఒంగోలు వైపో, ఇటు మద్రాసు వైపో తీరం దాటుకుంటూ పోయాయి. ఆయన మాత్రం సైరనుకు నెలనెలా నూనె పెడుతూనే ఉన్నాడు. ఆదరాబాదరా దిబ్బ కిందికి వచ్చి కేకేశాడు.

"ఏందబ్బయ్యా జడ్సన్, ఆ పొగేంది?"

పక్కన ఆరుగురు అతిథులు చెవులు రిక్కించి నిలబడ్డారు. వ్యాపారి అన్నవాడు కొన్నవాళ్ళ ముందు సరుకును తక్కువచేసి మాట్లాడడు.

"అగ్నిపర్వతం అన్నా!" అంటూ జడ్సన్ గట్టిగా కన్నుగీటాడు.

చెంచురామయ్యకు రెండు కళ్ళలోనూ శుక్లాలు. ఆపరేషను మే నెలలో. ఆయనకు జడ్సన్ కనిపించాడు కానీ జడ్సన్ కన్ను కనిపించలేదు.

"అగ్నిపర్వతమా! ప్రమాదమా ఏంది?"

ఈసారి పద్మనాభయ్య గారు జవాబిచ్చారు. ముప్పైనాలుగేళ్ళు పాఠం చెప్పిన నోరు అది, ప్రశ్న వినపడితే ఊరుకోలేదు. "ప్రమాదమేనండీ! ఇటలీలో ఒక పట్టణం పట్టణమే మునిగిపోయింది. జనానికి చెప్పులేసుకునే టైము కూడా దొరకలేదు."

చెంచురామయ్య చెప్పులు అక్కడే వదిలి పరుగెత్తాడు.

మూడో చుట్టులో ఉండగా సైరను మోగింది. దాని వెంట మైకు. చెంచురామయ్యకు వచ్చిన శిక్షణ ఒక్కటే, అది తుపానుకు. ఆయన అందులో ఒక్క మాట మార్చి చదివాడు. "సవుడుపాలెం ప్రజలకు విజ్ఞప్తి! అగ్నిపర్వతం తీరం దాటబోతా ఉండాది! పడవలు ఒడ్డుకు లాక్కోండి! రేకులకు తాళ్ళు కట్టుకోండి! తాగే నీళ్ళు పట్టుకోండి! కరెంటోళ్ళు లైను ఆపెయ్యండి! అందరూ తుపాను షెల్టరుకు పోవాల!" కాసేపు గరగర. మళ్ళీ మైకు. "షెల్టరు తాళంచెవి సెక్రెటరీ దగ్గర ఉండాది! ఆయన గూడూరులో పెళ్ళికి పోయినాడు! కాబట్టి అందరూ ఎత్తు ప్రదేశానికి పోవాల!"

సముద్రం పొంగిన రోజు చూసిన ఊరది. ఎత్తు అన్న మాట వింటే అక్కడ ఎవరూ రెండోసారి అడగరు. నీళ్ళ బిందెలు, చాపలు, మేకలు, ఒక గ్యాసు బండ, ఎవరిదో టీవీ, అన్నీ వీధుల్లోకి వచ్చి ఒకటే దిక్కుకు తిరిగాయి. ఆ చుట్టుపక్కల ఎత్తు ఒక్కటే ఉంది.

అతిథులు సున్నం గీత మీద నాలుగో చుట్టు తిరుగుతుంటే ఊరు ఊరంతా వాళ్ళను నేరుగా దాటుకుని పైకి వెళ్ళిపోయింది. "ఇటు పక్క దారి దగ్గరనుకుంటానండీ" అన్నారు వెంకటశేషమ్మ గారు, మోకాలు పట్టుకుని. ఆ ఒక్క మాటతో నలభై నిమిషాల నడక విలువ పడిపోయింది.

జడ్సన్ రెండు చేతులూ చాపి అడ్డం నిలబడ్డాడు. "ఎక్కడికి మస్తానమ్మక్కా?"

నెత్తిన బిందె, చంకలో కోడితో మస్తానమ్మ రొప్పుతూ నిలబడింది. "అడ్డం లెయ్యబ్బయ్యా! అగ్నిపర్వతం పేలతా ఉండాదంట!"

"అక్కా, ఆ అగ్నిపర్వతం ఇదే!"

"ఏది?"

"నువ్వు ఎక్కుతుండేది!"

మస్తానమ్మ కాళ్ళ కిందికి చూసింది. పైన పొగ చూసింది. వెనక చదునుగా పడున్న ఊరిని చూసింది. "అయితే మాత్రం? ఇంతకన్నా ఎత్తు ఇంకేడుంది?" అని ఎక్కేసింది.

పైన డ్రమ్ములు భగభగ మండుతున్నాయి. ఊరి ఆడవాళ్ళు వాటి చుట్టూ చేరి, ప్రమాదం ఇంతేనా అన్నట్టు ఒకరి మొహాలొకరు చూసుకున్నారు. తాగే నీళ్ళలోంచి తొమ్మిది బిందెలు కుమ్మరించారు. అగ్నిపర్వతం ఆరిపోయింది.

సరిగ్గా ఆరింటికి వచ్చిన ఎమ్మార్వో బిందు గారు జీపు దిగి, ఏం జరుగుతోందని అడిగేలోపే జనం ఆమెను కూడా పైకి చేర్చేశారు. చీర కుచ్చిళ్ళు సర్దుకునేందుకు మస్తానమ్మ సాయం చేస్తూ, చేతులు ఖాళీ చేసుకోవడానికి కోడిని ఆమెకిచ్చింది. తిరిగి తీసుకోవడం మరిచిపోయింది.

జడ్సన్ మేడమ్ ముందు నిలబడ్డాడు. మూడు వేల ట్రాక్టర్లు ఒకదాని వెనక ఒకటి అతని కళ్ళ ముందు నుంచి వెళ్తున్నాయి.

"జడ్సన్ గారూ, ఏంటిదంతా?"

నిజం చెబితే యార్డు పోతుంది, అబద్ధం చెబితే జైలు వస్తుంది. అతను నోరు తెరిచేలోపు వెనకనుంచి ఎవరో అరిచారు. "మేడమ్, పులిహోర పొట్లాలు ఎప్పుడిస్తారు?"

"పొట్లాలా?"

"మమ్మల్ని తరలించినారు గదా మేడమ్! పోయినసారి రాత్రి దాకా ఇయ్యలేదు. ఈసారైనా ముందుగా చెప్పండి."

"అక్కా, నీ పులుసు వాసన ఇందాకట్నుంచి వస్తా ఉండాది" అన్నాడు పడవల లాజరస్, పులుసు గిన్నెతో సహా పైకి చేరిన నవోమి వైపు తిరిగి.

"ఎనిమిది మందికి చేసినా నాయనా. ఇంతమందికి పంచడం ప్రభువుకైతే చేతనవును, నా వల్ల కాదు" అంది నవోమి, మూత మీద చెయ్యి వేసి.

చూస్తుండగానే చీకటి పడింది. లైనుమాన్ సైరను విన్నవెంటనే కరెంటు తీసేశాడు. ఊళ్ళో దీపం లేదు, చెరువుల గట్ల మీద లైట్లు లేవు. దూరంగా ఎక్కడో ఒకటి రెండు జనరేటర్లు రొయ్యలకు గాలి కొడుతున్న చప్పుడు తప్ప ఏమీ లేదు. అప్పుడు తలెత్తిన వాళ్ళు తలెత్తినట్టే ఉండిపోయారు. ఆకాశం నిండా చుక్కలు. చల్లటి సముద్రపు గాలి, ఆ గాలిలో ఎవరిదో మేక ఒక్కసారి అరిచి ఊరుకుంది. ఇన్నేళ్ళుగా చెరువుల లైట్ల వెనక దాగిన ఆకాశం అది.

పద్మనాభయ్య గారు టార్చి ఎత్తి పాఠం మొదలుపెట్టారు. "అదిగో, ఆ గుంపు కృత్తికలు..."

"ఆ పక్కది సార్. మేము పిల్లలకోడి అంటాం" అన్నాడు లాజరస్. "అదిగో, ఆ మూడూ గొల్లకావడి. అది నెత్తిమీదికొస్తే వలలు లాగే టైము."

మాస్టారు టార్చి ఆర్పి, నోటుపుస్తకం మూసి, లాజరస్ పక్కన చాప మీద కూర్చున్నారు. నవోమి పులుసు మూత తీసింది. ముసలివాళ్ళకు తలా ఒక గరిటె వచ్చింది.

ఆ సమయంలో బిందు గారి ఫోను మోగింది. కోడిని ఎడమ చేతికి మార్చి ఎత్తారు. జిల్లా ఆఫీసు. సవుడుపాలెంలో అగ్నిపర్వతమేమిటని అవతల గొంతు మండిపడుతోంది. ఆమె చుట్టూ చూశారు. నోటీసు ఇచ్చింది తాను. ఈ సాయంత్రానికి అతిథిగా వచ్చిందీ తానే. ఒక్క క్షణం లెక్క వేసుకున్నారు. జడ్సన్ ఆ మొహం చూసి, ఈమె వ్యాపారంలోకి వచ్చి ఉంటే తాను బతికేవాడు కాదనుకున్నాడు.

"అవును సార్. మాక్ డ్రిల్ సార్. తుపాను తరలింపు. పదిహేడు నిమిషాల్లో మూడు వందల పన్నెండు మంది. మేకలు కాకుండా." అవతల గొంతు చల్లబడింది. ఆమె వింటూ "థాంక్యూ సార్" అని మూడుసార్లు అన్నారు. ఫోను పెట్టేసి జడ్సన్ వైపు తిరిగారు. "జనానికి ఉపయోగం ఉందన్నారు కదా. ఉంది. నోటీసు రద్దు."

జడ్సన్ ఆ రాత్రి కంటినిండా నిద్రపోయాడు. మంగళవారం కాగితం వచ్చింది. సవుడుపాలెం దిబ్బను మండలానికి ఎత్తు ఆశ్రయ స్థలంగా గుర్తించారు. దాన్ని తవ్వకూడదు, అమ్మకూడదు, పొగ పెట్టకూడదు. సైరను మోగితే తప్ప ఎవరూ ఎక్కకూడదు, జడ్సన్‌తో సహా. ఎత్తు ముప్పై అడుగులకు తగ్గకుండా చూడాల్సిన బాధ్యత స్థలం యజమానిది. మొన్నటి తొక్కిడికి దిబ్బ రెండడుగులు కుంగినట్టు కొలతలో తేలింది కనుక, ఆ మేరకు బూడిద తెప్పించి పోయించాలి.

"ఎన్ని ట్రాక్టర్లయ్యా?" అంది నవోమి.

"రెండొందలు. పోయించేది" అన్నాడు జడ్సన్.

ఆ మధ్యాహ్నమే పద్మనాభయ్య గారు తన అభిప్రాయం రాసి ఫోనుకు పంపారు: నక్షత్రాలు చాలా బాగున్నాయి, అగ్నిపర్వతం మీద మాత్రం రద్దీ ఎక్కువ.