ఓల్డ్ ఎయిర్‌పోర్ట్‌లో రోడ్స్ ముట్టడి

ఆ శుక్రవారం పొద్దున కామేశ్వరరావు వేసుకున్న ప్రణాళిక చాలా చిన్నది. ఇండస్ట్రియల్ ఏరియాలోని మతీన్ వర్క్‌షాపు నుంచి చక్రాల బురుజు తెప్పించాలి. ఓల్డ్ ఎయిర్‌పోర్ట్ అనే పేటలో తెలుగు సంఘం అద్దెకు తీసుకున్న పాత విల్లాలోకి దాన్ని చేర్చాలి. మధ్యాహ్నం రిహార్సల్, సాయంత్రం నాటకం. దోహాలో ఇరవై ఏళ్ళకు పైగా కట్టడాలకు ఎస్టిమేట్లు వేసిన మనిషికి ఇది ఒక పనే కాదు. పైగా ఇదే ఆఖరి నాటకం. వచ్చే నెలలో ఆయన రిటైరై ఖతర్ వదిలి వెళ్ళిపోతున్నాడు.

నాటకం కథ చరిత్రలోది. రెండువేల మూడువందల ఏళ్ళ కిందట డిమిట్రియస్ అనే గ్రీకు రాజు రోడ్స్ అనే ద్వీప నగరాన్ని ముట్టడించాడు. తొమ్మిది అంతస్తుల బురుజు కట్టించి, దానికి చక్రాలు పెట్టించి, ఇనుప రేకులు తొడిగించి, వేలమంది చేత కోటగోడ మీదికి తోయించాడు. రోడ్స్‌లో ఉన్న ఒక ఇంజనీరు ఊళ్ళోని నీళ్ళన్నీ గోడ బయటికి వదిలించాడట. బురుజు బురదలో దిగబడింది. చివరికి రాజు సంధి చేసుకుని దారిపట్టాడు.

కామేశ్వరరావు రాసిన నాటకంలో మాత్రం రాజు గెలుస్తాడు.

"ఆయన ఓడిపోయాడు కదండీ," అంది భార్య శకుంతల, వారం రోజుల ముందే.

"మన సంఘంలో గ్రీకు చరిత్ర చదివినవాళ్ళెవరున్నారు?"

"నేను చదివాను. మీరు తెచ్చిన పుస్తకమే."

అయినా ఆయన మార్చలేదు. కారణం ఆమెకు తెలుసు. రేపల్లెలో చదువుకునే రోజుల్లో ఆయన పరిషత్తు నాటకాలన్నిటిలోనూ వేశాడు. గొంతు సన్నం కావడం వల్ల అన్నిటిలోనూ రెండో రంగంలో చచ్చిపోయే వేషమే దక్కేది. చచ్చిపోయాక తెర వెనక నుంచి జనాన్ని చూస్తూ కూర్చునేవాడు. చాపలు, దుప్పట్లు, వేరుశెనక్కాయల పొట్లాలు, ఒళ్ళో నిద్రపోతున్న పిల్లలు, స్టేజి పక్కన బుస్సుమనే పెట్రోమాక్స్ లైటు. ఇంత దూరం వచ్చాక కూడా నాటకం అనగానే ఆయనకు ముందు ఆ బుస్సుమనే చప్పుడే వినపడేది. ఈసారి రాసింది తను, రాజు తను. ఒక్కసారి గెలిచి వెళ్ళిపోదామనుకున్నాడు.

పది దాటాక విల్లా ముందు లారీ ఆగింది. చిన్న పిక్-అప్ బండి రావలసిన చోట లారీ ఎందుకొచ్చిందా అని ఆయన అనుకుంటూ ఉండగానే, వెనక ఉన్న చిన్న క్రేను బురుజును పైకెత్తింది. అది ఎండకు తళతళ మెరిసింది. మతీన్ లారీ దిగి గర్వంగా చూశాడు. అతనిది నెల్లూరు, చేతిలో మంచి పనితనం ఉంది.

"ఇదేంటి మతీన్, ఇనుమా?"

"మీరే రాసిచ్చారు గదా సార్, ఇనప రేకుల తొడుగు అని. పాత స్కఫోల్డింగు పైపులు కోసి లోపల చట్రం కట్టినాం. ఏనుగెక్కినా కదల్దు."

"థర్మకోల్‌తో చెయ్యమని కదా నా ఉద్దేశం."

"ఉద్దేశం డ్రాయింగులో లేదు సార్."

 ఎస్టిమేట్లు వేసేవాడిగా ఇదే మాటను కామేశ్వరరావు ఎందరో సబ్‌కాంట్రాక్టర్లతో అని ఉన్నాడు. బురుజును ఆవరణలో దింపాక ఇంకో సంగతి బయటపడింది. ఆయన లోపలి హాలు కప్పు ఎత్తు కొలిచాడు గానీ, హాలు తలుపు ఎత్తు కొలవలేదు. బురుజు తలుపుకన్నా నిలువెత్తు మనిషంత ఎక్కువుంది. పైనుంచి రెండు అంతస్తులు విప్పి తీసేయడానికి స్పానర్లు తెస్తానని మతీన్ లారీలో వెనక్కి వెళ్ళాడు.

అతను అటు వెళ్ళగానే ఇటునుంచి ఇక్రాముద్దీన్ వచ్చాడు. అతను ఆ విల్లాకు కాపలాదారు, ఊరు నిజామాబాద్. డాబా మీద నీళ్ళ ట్యాంకు చాలా కాలంగా కారుతోంది. ఓనరు మనుషుల్ని పంపిస్తానని చెప్పి ఎన్నడూ పంపలేదు. బురుజును చూసి, ట్యాంకు బాగుచేసేవాళ్ళు తెచ్చిన మంచె అనుకుని అతని మొహం వెలిగింది.

"ఎన్ని దినాలకు వచ్చిండ్రు సార్. నేను ఓనర్‌కు ఫోన్ల మీద ఫోన్లు కొట్టిన. జర ఇటు తెండ్రి, ట్యాంకు ఇటుపక్కనే ఉన్నది. యల్లా, యల్లా, జల్ది."

కామేశ్వరరావు 'ట్యాంకు' అన్నమాట సరిగా వినలేదు. అతను చెయ్యి చూపిన వైపే ఉన్న హాలు తలుపు దగ్గర పెడితే విప్పడం సులువవుతుందనుకుని, నాటకంలో సైనికుల వేషం వేసే కుర్రాళ్ళను పిలిచాడు. అందరూ కలిసి తోశారు. బురుజు సాఫీగా దొర్లింది, సరిగ్గా తలుపు ముందుకు వెళ్ళి, ట్యాంకు నీరు నెలల తరబడి నానబెట్టిన మట్టిలో మెత్తగా ఆగింది. అప్పటికి చక్రాలు జానెడే దిగాయి. ఎవరూ కంగారు పడలేదు.

ఆ సమయానికి హనుమప్ప వచ్చాడు. రాయచోటి మనిషి, ఒక ఖతరీ ఇంట్లో డ్రైవరు, నాటకంలో రోడ్స్ ఇంజనీరు. డ్యూటీ నుంచి సగం పూట సెలవు తీసుకుని, ఆలస్యమైందన్న భయంతో గడ్డం కారులోనే అంటించుకుని దిగాడు. ఎదురుగా నిజమైన బురుజు, దాన్ని తోస్తున్న సైనికులు. రిహార్సల్ మొదలైపోయిందనుకున్నాడు. ఎండలో గొంతెండిపోయిన కామేశ్వరరావు అతన్ని చూసి చెయ్యెత్తాడు.

"హనుమప్పా, నీళ్ళు."

నాటకంలో రాజు నోట ఆ మాట వినగానే బురుజు కిందికి నీళ్ళు వదలడమే హనుమప్ప మొదటి పని. అతను ఒక్క క్షణం ఆలస్యం చేయకుండా గోడపక్కనున్న కుళాయికి గొట్టం తగిలించి, మొత్తం తిప్పేసి, చక్రాల కిందికి వదిలాడు. తనకు గ్లాసులో వస్తాయనుకున్న నీళ్ళు అలా రావడం చూసి కామేశ్వరరావు వెనక్కి గెంతాడు.

"సారూ, ఇంకా ఇడిసేదా, చాలునా?"

"తాగడానికి అడిగానయ్యా."

"నీళ్ళు అంటిరి గదా సారూ. నా డైలాగుకు ముందు మీరనేదీ అదే మాట."

కుళాయి కట్టేసే లోపు బురుజు ఇరుసుల దాకా దిగి, మర్యాదగా ముందుకు వాలి, తలుపుకు భుజం ఆనించి నిలబడింది. తలుపు బయటికి తెరుచుకునేది. ఇక తెరుచుకోదు. విల్లాను ఏనాడో రెండు భాగాలుగా చేసి, వెనక తలుపును ఇటుకలతో మూసేశారు. లోపల శకుంతల, రోడ్స్ ప్రజల వేషాలు వేసే ఆడవాళ్ళు, సాయంత్రానికి వండుతున్న పులిహోర, కోటగోడ బొమ్మలు, మైకులు, కుర్చీలు అన్నీ ఉండిపోయాయి.

శకుంతల మేడమీది బాల్కనీలోకి వచ్చి కిందికి చూసింది. బురదలో, రిహార్సల్‌కని ముందే కిరీటం పెట్టుకున్న భర్త, గడ్డం సగం ఊడిన హనుమప్ప, చేతులు కట్టుకుని నిలబడ్డ ఇక్రాముద్దీన్ కనిపించారు.

"మీరేం చేశారు?" అంది.

"ట్యాంకు రిపేరుకు కాదంట అమ్మా ఇది," అన్నాడు ఇక్రాముద్దీన్, అందరికన్నా తనకే ఎక్కువ అన్యాయం జరిగినట్టు.

మతీన్ తిరిగొచ్చి చూసి తల అడ్డంగా ఊపాడు. వాలిన బురుజును విప్పితే ఎవరి మీదైనా పడుతుంది, పెద్ద క్రేను రేపు గానీ దొరకదు. నాలుగవుతోంది. జనం అప్పుడే రావడం మొదలుపెట్టారు. కామేశ్వరరావు గోడవార చతికిలబడి కిరీటం తీసేశాడు.

"నాటకం ఆపేస్తున్నామని చెప్పెయ్యి శకుంతలా. నాకు రాసిపెట్టిలేదు."

శకుంతల బాల్కనీ పిట్టగోడ మీద మోచేతులు ఆనించింది. "ఆపడమెందుకు? ఊరివాళ్ళం మేం గోడమీదే ఉన్నాం. మీరు బయటే ఉన్నారు. బురుజు మధ్యలో ఉంది. ఇంకేం కావాలి మీకు?"

ఆయన తలెత్తి చూశాడు. ఫిబ్రవరి గాలి చల్లగా ఉంది. వచ్చినవాళ్ళు కుర్చీలు లేవని తెలిసి పక్క విల్లాల నుంచి చాపలు తెచ్చుకుంటున్నారు. ఒకావిడ దుప్పటి పరిచి పిల్లాణ్ణి పడుకోబెట్టింది. ఎవరో మూల కిరాణా కొట్టు నుంచి వేయించిన వేరుశెనక్కాయలు తెచ్చి పంచుతున్నారు. జనరేటరు లైటొకటి తెచ్చి పెడితే అది బుస్సుమనలేదు గానీ, గుయ్యిమంది. కామేశ్వరరావు లేచి కిరీటం పెట్టుకున్నాడు.

నాటకం మొదలైంది. మైకు లేకపోయినా ఆయన సన్నటి గొంతు ప్రహరీ దాకా వెళ్ళింది. ఒక చిక్కు వచ్చింది. రోడ్స్ ఇంజనీరు హనుమప్ప కోట బయట మిగిలిపోయాడు. తన రంగం రాగానే అతను వేరే దారి లేక శత్రువు బురుజుకున్న ఇనుప మెట్ల మీదుగానే బాల్కనీలోని తన ఊళ్ళోకి ఎక్కాడు. జనం చప్పట్లు కొట్టారు. ఆ మెట్లు అందుకే ఉన్నాయనుకున్నారు.

చివరి రంగంలో రాజు బురుజును గోడమీదికి తోయించి గెలవాలి. "పదండి," అన్నాడు కామేశ్వరరావు. సైనికులు తోశారు. అది కదలలేదు. మళ్ళీ అన్నాడు. మళ్ళీ తోశారు. పైనుంచి హనుమప్ప, రాతలో లేని మాట అన్నాడు.

"రాజా, అది ఇంక కదల్దు. మా ఊరి మట్టి దాన్ని పట్టుకున్యాది."

అందరూ ఆయన వంక చూశారు. గెలిచే డైలాగు నాలుక చివరే ఉంది. కామేశ్వరరావు బురుజును చూశాడు, మేడమీద నిలబడ్డ శకుంతలను చూశాడు, చాపల మీద కూర్చున్నవాళ్ళను చూశాడు. వాళ్ళలో చాలామంది ఇళ్ళ గృహప్రవేశాలకు, పిల్లల అక్షరాభ్యాసాలకు ఆయన వెళ్ళాడు. కొందరిని మొదటిరోజు ఎయిర్‌పోర్టు నుంచి తీసుకొచ్చిందీ ఆయనే. ఇనుప రేకు మీద చెయ్యి వేసి నెమ్మదిగా అన్నాడు.

"గెలవడానికే వచ్చాను. కానీ ఒక ఊరి ముందు ఇన్నేళ్ళు గుడారం వేసుకుని ఉన్నాక, ఏ ఇంట్లో ఎప్పుడు పొయ్యి వెలుగుతుందో కూడా తెలిసిపోయింది. ఇప్పుడు వెళ్ళిపోతుంటే ఓడిపోయినట్టు లేదు. ఇల్లు ఖాళీ చేసినట్టుంది."

 ఆ మాటకు జనం లేచి నిలబడి కొట్టిన చప్పట్లు చాలాసేపు ఆగలేదు. శకుంతల కొంగుతో కళ్ళు తుడుచుకుని, రోడ్స్ తరఫున చేతులు జోడించింది. గెలిచిన వేషానికి ఇంతమంది లేచి నిలబడేవారు కాదని ఆయనకు ఆ నిమిషాన తెలిసింది.

తలుపు మర్నాటిదాకా తెరుచుకోలేదు కాబట్టి, ఆ పూట రోడ్స్ నగర ప్రజలు తమను ముట్టడించినవాళ్ళందరికీ బకెట్లకు తాళ్ళు కట్టి పులిహోర కిందికి దించారు.